గంప కింద కొత్త పుంజు

జేజీ,

నువ్వు పోయి ఈరోజుకు ఏడాది. నీ పుంజును మొన్న కుక్క ఎత్తుకుపోయింది. ఎమ్మిగనూరు సంతలో ఇంకో పడుచు పుంజును కొన్నాను.

కొత్త కోడిని వారంపాటు గంప కింద మూసి, చుట్టూ జొన్నలు చల్లి, మిగతావాటికి అలవాటు చేసేదానివి నువ్వు. అది జైలని నీతో ఎన్నిసార్లు గొడవపడ్డానో. ఏ ప్రాణినీ బంధించకూడదని ఆదోని బస్టాండులో ఇచ్చిన కరపత్రంలో చదివినవాణ్ణి కదా, పుంజును నేరుగా పెరట్లో వదిలాను. ముందుగా నీ నల్లపెట్ట దాని మీదికి దూకింది. ఐదు పెట్టలూ కలిసి తురాయి రక్తం కారేదాకా పొడిచాయి.

"ఆ కరపత్రమేదో పెట్టలకు గూడా సదివి ఇనిపించప్పా" అంది అమ్మ.

నాకు ఒళ్లు మండింది. పెట్టల మీద, అమ్మ మీద, అందరికంటే నా మీద.

"గంప యాడుంది?" అని అరిచాను.

"మీ జేజి పెట్టినకాడే ఉండాది. ఎవురు ముట్టినారు దాన్ని?"

విరిగిన అంచుకు నువ్వు చుట్టిన చీరపేలిక అలాగే ఉంది. పుంజును మూసి, చుట్టూ జొన్నలు చల్లాను. కాసేపటికి నల్లపెట్ట వచ్చి గంప పక్కనే తినసాగింది.

అది జైలేనని ఇప్పటికీ అంటాను, జేజీ. కాదని నాతో పోట్లాడటానికి నువ్వు లేవు.