పెద్దాయన మీద పోటీ

1969 జూలై 13, ఆదివారం

చర్చి నుంచి వచ్చేసరికి గడప ముందు ఐదారు జతల చెప్పులు. లోపల మల్లేశం, సాంచాల మీద బట్ట నేసే వాళ్ళు. వాళ్ళ మధ్య దానియేలు. (భర్తను బయట పేరు పెట్టి పిలవను. ఇక్కడ రాసుకోవచ్చు.)

మిల్లు యూనియన్ ప్రెసిడెంటు ఎన్నిక వచ్చే నెల. పదిహేనేళ్ళుగా ఎన్నిక అంటూ జరిగిందెక్కడ... ఎప్పుడో ఆంధ్రా నుంచి వచ్చి ఇక్కడే ఉండిపోయిన పెద్దాయన వెంకటరత్నం గారి పేరు చదవడం, అందరూ చప్పట్లు కొట్టడం, అంతే. ఈసారి పోటీ పెడతారట.

"దానియేలన్నా, నువ్వు నిలబడకుంటె ఇంకెవ్వరు నిలబడ్తరు? మన వరంగల్ మిల్లుకు మనోడు ఉండొద్దా? ఇంకెన్ని దినాలు బయటోళ్ళు?" మల్లేశం.

చాయ్ పెట్టి ఇచ్చాను. దానియేలు సరే అనలేదు. కాదని కూడా అనలేదు.

జూలై 15, మంగళవారం

సరే అన్నాడట. నాకు చెప్పింది మాత్రం పేరు ఇచ్చి వచ్చిన తర్వాత.

"పెద్దాయనకు చెప్పినవా?"

"చెప్త."

"ముందుగాల చెప్పాలె గదా."

అన్నం తింటున్నవాడు కంచంలో చెయ్యి కడిగి లేచాడు.

జూలై 17, గురువారం

పెద్దాయన మా మిల్లు దవాఖానకు వచ్చారు, బి.పి. మాత్రల కోసం. క్యూలో నిలబడ్డారు, అందరిలాగే. వెంకటరత్నం గారిని 'ముందుకు రండి' అన్నా ఎప్పుడూ రారు. ఎవరూ లేచి నిలబడలేదు ఈవేళ. పోయిన నెల దాకా బెంచీలు ఖాళీ అయిపోయేవి.

నేనే తల దించుకున్నాను. ఆయనే నవ్వారు.

"మీ ఆయన నిలబడుతున్నాడటగా అమ్మాయ్. మంచిదే. గేటు మీటింగులో మాట్లాడటం వాడికి నేనే నేర్పాను. మొదట్లో గొంతు వణికేది వాడికి, గుర్తుందా?"

ఎందుకు గుర్తుండదు. మా పెళ్ళయిన ఏడాది. సమ్మె చేశాడని దానియేలును పనిలోంచి తీసేశారు. ఈయన గేటు ముందు తొమ్మిది రోజులు పస్తు పడుకుని మళ్ళీ చేర్పించారు. ఆ తర్వాతే నాకు ఈ నర్సు పని చెప్పి ఇప్పించారు.

మాత్రలు పొట్లం కట్టి ఇచ్చాను. 

జూలై 21, సోమవారం

రేడియోలో, చంద్రుడి మీద మనిషి దిగాడట. మా గేటు ముందు మాత్రం రెండు లారీల పోలీసులు దిగారు. ప్రత్యేక తెలంగాణ ఉద్యమంతో మూతపడ్డ కాలేజీలు ఇంకా మూసే ఉన్నాయి.

జూలై 26, శనివారం

చౌరస్తాలో లాఠీచార్జి. మా దవాఖాన మిల్లు వాళ్ళకే, అయినా ఎవరిని పొమ్మంటాం... పదకొండు మందికి కుట్లు వేశాం. పరకాల నుంచి వచ్చిన ఒక విద్యార్థిని, జడ రక్తంతో అట్టకట్టి ఉంది. జుట్టు కత్తిరించబోతే ఏడ్చింది. దెబ్బకు ఏడవలేదు.

ఉద్యమం తప్పని నేననలేను. మా చెల్లెలు రూతు టీచర్ ట్రైనింగ్ అయ్యి మూడేళ్ళు. ఆంధ్రా నుంచి వచ్చి, ఇక్కడి వాళ్ళమని దొంగ సర్టిఫికెట్లు పెట్టిన వాళ్ళు బళ్ళలో పాఠాలు చెబుతున్నారు, ఇది ధర్మసాగర్‌లో బర్రెల పేడ ఎత్తుతోంది. నాకూ కోపమే. ఆ కోపం ఎవరి మీదో స్పష్టంగా తెలుసు. పెద్దాయన మీద కాదు.

కానీ గోడల మీద రాసేటప్పుడు ఎవరు ఎవరన్నది ఎవరు చూస్తారు...

ఆగస్టు 2, శనివారం

మట్టెవాడలో పెద్దాయన ఇంటి గోడ మీద తారుతో రాశారు. పొమ్మని. పక్కన చెప్పుల బొమ్మ.

సూది మందు ఇవ్వడానికి వెళ్ళాను — ఆయన భార్య కమలమ్మ గారికి ఆయాసం. చూస్తే ఆవిడే కొబ్బరి పీచుతో గోడ రుద్దుతున్నారు. తారు పోతుందా? ఇంకా పాకింది. చేతిలోంచి పీచు లాక్కుని నేను రుద్దాను. వీధిలో జనం నిలబడి చూశారు. 

"ఊరెళ్ళిపోదాం అంటే వినరమ్మా. ఏ ఊరు, అంటారు. నాకు తెలిసిన ఊరు ఇదే కదా, అంటారు."

సాయంత్రం దానియేలు: "నువ్వెందుకు బోయినవ్ ఆడికి? నలుగురు జూసిండ్రు."

"సూది ఇయ్యబోయిన."

"గోడ కడగనీకి బోయింది అని జెప్పుకుంటాండ్రు. నా పెండ్లామే వాళ్ళ దిక్కు ఉంటె నాకు ఓట్లెవ్వరేస్తరు?"

"నీకు ఓట్లే గావాల్నా?"

ఆ మాట అనకుండా ఉండాల్సింది. లేదు. అనాల్సిందే.

ఆగస్టు 3, ఆదివారం

చర్చికి ముందొకరు, వెనకొకరు నడిచాం.

ఆగస్టు 7, గురువారం

పోటీ నుంచి తప్పుకోవడానికి ఈవేళే ఆఖరు. పెద్దాయన తప్పుకోలేదు. మల్లేశం రెండుసార్లు వెళ్ళి అడిగాడట. ఆయన అన్న మాట మిల్లంతా తిరుగుతోంది — "ఓడించండి, పోతాను. బెదిరిస్తే పోను."

మా కాంపౌండరు ఖాజా భాయి చెప్పి నవ్వబోయి, నవ్వలేకపోయాడు. "జిద్దు మనిషి చెల్లే, పట్టిన పట్టు ఇడువడు. గీ దినాల్ల గంత జిద్దు మంచిది గాదు."

ఆగస్టు 8, శుక్రవారం

దీన్ని రాయాలా వద్దా అని పొద్దుటి నుంచి.

నిన్న పొద్దుగూకే వేళ. నేను వంటింట్లో బియ్యం ఏరుతున్నాను. వరండాలో మల్లేశం, దానియేలు. మల్లేశం గొంతు పెద్దది, వినపడుతూనే ఉంది. "ముసలాయన ఉంటె మిల్లు రెండు చీలికలైతది అన్నా. జర భయపెట్టాలె."

నేను చేట పక్కన పెట్టాను.

తర్వాత దానియేలు — నెమ్మదిగా — "దెబ్బలు మాత్రం తగలొద్దు."

అంతే విన్నాను. లోపలికి వచ్చినప్పుడు మొహం చూశాను. మామూలుగానే ఉంది. మంచినీళ్ళు అడిగాడు. ఇచ్చాను.

నేనూ ఏమీ అడగలేదు.

ఆగస్టు 10, ఆదివారం

చర్చిలో పాస్టరు గారు శాంతి కోసం ప్రార్థన చేశారు. నా పక్కన దానియేలు కళ్ళు తెరిచే ఉన్నాడు. నేను చూశాను కాబట్టి నావీ తెరిచే ఉన్నట్టు.

మట్టెవాడ వెళ్ళి పెద్దాయనకు చెప్పొచ్చు. జాగ్రత్త అని ఒక్క మాట. మరి ఎట్లా తెలిసిందంటే? రేపు వెళ్తాను.

ఆగస్టు 11, సోమవారం

దవాఖానలో జనం. వెళ్ళలేదు.

ఆగస్టు 12, మంగళవారం

రెండు గంటల షిఫ్టు మారే వేళ పెద్దాయనను తెచ్చారు. ఖాజా భాయి, ఇంకొకతను చేతుల మీద మోసుకొచ్చారు. గేటు పక్క సందులో పడి ఉన్నారట. షిఫ్టు దిగే వాళ్ళు, ఎక్కే వాళ్ళు — వందల మంది ఆ దారినే వచ్చి ఉంటారు. ఎవరూ చూడలేదంటున్నారు.

తల ఎడమవైపు పగిలింది. ఎడమ ముంజేయి విరిగింది. చెయ్యి అడ్డం పెట్టుకుంటే విరిగే చోట విరిగింది. వీపు మీద చారలు.

కట్టు కడుతుంటే కళ్ళు తెరిచారు.

"కరుణమ్మా."

"మాట్లాడకండి అయ్యా."

"దానియేలుకు... నెమ్మదిగా చెప్పమ్మా. వాడు తట్టుకోలేడు."

వేరే వైపు తిరిగాను. కత్తెర కోసం వెతికినట్టు.

డాక్టరు గారు నన్ను పక్కకు పిలిచారు. "మెట్ల మీద నుంచి పడ్డట్టు రాయమ్మా రిజిస్టర్లో. ఆఫీసు నుంచి ఫోను వచ్చింది. ఇప్పుడు ఇంకో గొడవ ఎందుకు, ఎన్నిక ఐదు రోజుల్లో పెట్టుకుని..."

రిజిస్టరు రాసేది నేను. 'కర్రలతో కొట్టిన గాయాలు' అని రాశాను. తల, చెయ్యి, వీపు, ఎన్ని, ఎంత పొడవు. సంతకం చేశాను. డాక్టరు గారు చదివి చెయ్యలేదు. ఖాజా భాయి వచ్చి నా సంతకం కింద తన సంతకం పెట్టాడు. ఎవరూ అడక్కుండానే.

పెద్ద దవాఖానకు జీపులో పంపాం. కమలమ్మ గారు జీపులో ఆయన చెప్పులు ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నారు.

ఆగస్టు 13, బుధవారం

నెమ్మదిగా చెప్పలేదు. నిన్న రాత్రి దానియేలు ఇంటికొచ్చి చెప్పులు కూడా విప్పకముందే చెప్పాను, ఆయనన్న మాటతో సహా.

చెప్పులతోనే గడప మీద కూర్చున్నాడు.

"నేను కొట్టమనలే కరుణా."

"ఏమన్నవ్ మరి?"

చెప్పులు విప్పడం మొదలుపెట్టాడు. నేను విన్నానని అతనికి తెలియదు. తెలుసేమో.

"గడువు దాటినా సరే, పోటీల నుంచి తప్పుకో."

"ఇప్పుడు తప్పుకుంటె నేనే చేయించిన అంటరు."

తప్పుకోకపోతే ఏమంటారో, అది మాత్రం ఆలోచించలేదు.

ఆగస్టు 14, గురువారం

పెద్ద దవాఖానకు వెళ్ళాను, పెద్దాయనకు స్పృహ లేదు. కమలమ్మ గారు నన్ను గుర్తుపట్టి పక్కకు జరిగి చోటిచ్చారు. ఆ బెంచీ మీద పావుగంట కూర్చున్నాను. ముళ్ళ మీద కూర్చున్నట్టు.

నేను సోమవారం వెళ్ళి ఉంటే.

ఆగస్టు 16, శనివారం

దేశమంతా ఈవేళ రాష్ట్రపతి ఎన్నిక. హైదరాబాదులో ఎమ్మెల్యేలు ఓట్లు వేస్తున్నారు. ఖాజా భాయి రేడియో చుట్టూ జనం. మనస్సాక్షి చెప్పినట్టు ఓటు వేయమన్నారట ఢిల్లీలో. దాని మీద పెద్ద చర్చ మా బెంచీల మీద.

"మనసు చెప్పినట్టు ఎవడేస్తడే, భయం చెప్పినట్టు ఏస్తడు" అన్నాడు చెయ్యి కాల్చుకుని వచ్చిన ఒక ముసలి ఫిట్టరు. అందరూ నవ్వారు. తర్వాత గుర్తొచ్చినట్టు ఆపేశారు. రేపు మాది.

ఆగస్టు 17, ఆదివారం

క్యాంటీనులో ఓటింగు. కాగితం మీద రెండు పేర్లు. పెద్దాయన పేరు తీసేద్దామన్నారట, గడువు దాటిందని ఉంచారు.

గుడ్డ అడ్డం కట్టారు, కానీ మల్లేశం మనుషులు ఇద్దరు అటు పక్కనే నిలబడ్డారు. కాగితం నాలుగు మడతలు పెట్టి డబ్బాలో వేశాను.

సాయంత్రానికి తేలిపోయింది. పెద్దాయన ఓట్లు లెక్కపెట్టడానికి ఎక్కువసేపు పట్టలేదు. వాటిలో ఒకటి నాది. ఒకటి ఖాజా భాయిది. మిగతావి ఎవరివో తెలుసుకోవాలనిపించింది. మనుషుల మొహాల్లోకి చూస్తూ నడిచాను.

దానియేలును భుజాల మీద ఎత్తుకుని గేటు దాకా తెచ్చారు. మెడ నిండా దండలు. మాట్లాడమన్నారు. మొదటి మాటకే గొంతు వణికింది. సంతోషం అనుకున్నారు అందరూ.

ఆగస్టు 19, మంగళవారం

పొద్దున్న ఎనిమిదింటికి పెద్దాయన పోయారు.

ఆగస్టు 20, బుధవారం

మిల్లుకు సెలవు ఇవ్వలేదు. కొత్త ప్రెసిడెంటు అడగలేదు కాబట్టి.

సొంత ఊరికి తీసుకెళ్ళడానికి వ్యాను దొరుకుతుందని ఎవరో అన్నారు. కమలమ్మ గారు ఒప్పుకోలేదు. "ఈ ఊరే అన్నారు. ఈ ఊళ్ళోనే." మోసేందుకు మాత్రం మనుషులు తక్కువ. ఖాజా భాయి, ముసలి ఫిట్టరు, ఇంకొకతను. ముగ్గురే. ఇరుగుపొరుగు తలుపులు దగ్గరికి వేసుకుని ఉన్నారు.

సందు మొదట్లో దానియేలు. ఎంతసేపటి నుంచి నిలబడ్డాడో. ఎవరూ రమ్మనలేదు, పొమ్మనలేదు.

కమలమ్మ గారే చూశారు. "రా బాబూ. నువ్వూ ఒక పక్క పట్టుకో."

వచ్చాడు. భుజం పెట్టాడు. తల ఎత్తలేదు. నేను గోడ పక్కన నిలబడ్డాను, ఆ తారు గోడ పక్కనే, ఇంకెక్కడా చోటు లేక.

ఇంటికొచ్చి స్నానం చేసి తడిబట్టలతోనే కూర్చున్నాడు. కొత్త రాష్ట్రపతి ఎవరో తేలిందట, వీధిలో ఎవరో అరుచుకుంటూ పోయారు. ఇద్దరం లేవలేదు.

ఆగస్టు 22, శుక్రవారం

దవాఖానకు ఇన్‌స్పెక్టరు వచ్చాడు. రిజిస్టరు తీసుకున్నాడు. డాక్టరు గారు తనకేం తెలియదన్నారు. ఖాజా భాయి సంతకం తనదేనన్నాడు. నేనూ.

మధ్యాహ్నం మల్లేశం వచ్చాడు, తలనొప్పి మాత్ర కావాలని. "అక్కా, తొందరల ఏదో రాసినవ్, మతిల లేదు అంటే ఎవ్వరు ఏం అనరు. దానియేలన్న గురించి జర ఆలోచించు."

మాత్ర ఇచ్చాను. చెయ్యి చాపి తీసుకున్నాడు. మామూలు చెయ్యి. గోళ్ళ కింద నూనె మడ్డి.

ఆగస్టు 24, ఆదివారం

చర్చికి వెళ్ళలేదు, ఇద్దరమూ.

రేపు పదింటికి స్టేషనుకు రమ్మన్నారు. సాక్షిగా. రిజిస్టర్లో రాసినదాన్ని ఒప్పుకుంటే చాలట. వరండాలో మాట వాళ్ళు అడగరు, వాళ్ళకు తెలియదు. 'ఇంకేమైనా తెలుసా' అని అడిగితే? అబద్ధం చెబితే మల్లేశం బతుకుతాడు. నిజం చెబితే... నిజం మొత్తం చెప్పాలి. మల్లేశం భయపెట్టాలన్నది, దానియేలు దెబ్బలు మాత్రం వద్దన్నది, నేను విన్నది, వినీ నాలుగు రోజులు ఊరుకున్నది.

వంట చేస్తుంటే దానియేలు వాకిట్లోకి వచ్చి నిలబడ్డాడు.

"రేపు పదింటికేనా?"

"ఔ."

"నేను గూడ వస్త."

"ఎందుకు?"

గిన్నె దించేదాకా ఎదురుచూశాను. "వరండాల మాట నేనే చెప్త" అన్నాడు. దండెం మీది తెల్ల చొక్కా తీసి మడత పెట్టుకుంటున్నాడు.