గడ్డిలో ఆరబెట్టిన క్యాసెట్

జూన్ 14, 1987, ఆదివారం

పిన్ని మమ్మల్నే ఉంచుకోమన్న వాళ్ళమ్మాయి రమ పెళ్ళి వీడియో క్యాసెట్ ఇవాళ కూడా సరిగ్గా ఆడలేదు. వానకి తడిసిందని నాన్న దాన్ని మామిడికాయలు మాగేసిన గడ్డిలో పెట్టారు. ఎవరైనా అలా చేస్తారా? అడిగితే, "ఆ వేడికి ఆరితే చూద్దామనే కదమ్మా," అన్నారు.

ఆగిరిపల్లి నుంచి వీడియో షాపాయన వచ్చి, రీలుకి అంటిన గడ్డిపోచలు తీసి, స్పిరిట్‌తో వీసీఆర్ హెడ్ తుడిచి, మళ్ళీ వేశాడు. భోజనాల బంతిలో అమ్మ నెయ్యి వడ్డిస్తూ కనిపించింది. ఇటు తిరగబోయేసరికి తెరంతా గీతలు. మూడుసార్లూ అక్కడే. అమ్మ పోయి ఏడాదైంది, ముఖం సరిగ్గా పడిన ఫోటో ఇంట్లో ఒక్కటీ లేదు.

"ఇంకోసారి వేస్తే రీలు తెగిపోద్దండీ," అన్నాడాయన. నాన్న నావైపు చూశారు. వద్దన్నాను.

క్యాసెట్ నా దిండు పక్కనే ఉంది, పండిన మామిడి వాసన వేస్తోంది. అందులో అమ్మ ఇంకా ఇటు తిరగబోతూనే ఉంది.