పేరక్ రాణి పొట్ట

ఇపో,
22 జూలై 1957

పెద్దక్క బంగారమ్మ పాదాలకు తమ్ముడు గోవిందసామి దండాలు పెట్టి రాసే సంగతి.

నేను క్షేమం. నా భార్య రత్నావతి పురిటికి క్లాంగులో వాళ్లమ్మగారింటికి వెళ్లింది. నేను ఆఫీసుకు పోతే మా రాణిని చూసే దిక్కు లేదు. అందుకే ఈ ఉత్తరం తెచ్చిన లారీలోనే దాన్నీ పంపుతున్నాను.

రాణి మామూలు కుక్క కాదక్కా, గ్రేహౌండ్. ఇక్కడ తోట దొరలు పెట్టే కుక్కల పందేల్లో తొమ్మిది కప్పులు గెలిచింది. మన పేరక్ రాష్ట్రం పేరు కలిపి 'పేరక్ రాణి' అని పేపర్లో ఫోటో వేశారు. వచ్చే నెలాఖరున మన మలయాకు స్వతంత్రం రాగానే మెర్డేకా కప్పు పందెం ఉంది. అప్పటిదాకా రోజూ నడిపించు. తిండి మాత్రం కొంచెమే పెట్టు. ఒక్క ముద్ద ఎక్కువైనా పరుగు పోతుంది.

నీ మాట ఎన్నడూ దాటని
గోవిందసామి

తా.క. బక్కగా ఉందని కంగారుపడకు. ఆ జాతే అంత.


హుటాన్ మెలింటాంగ్ దగ్గర కొబ్బరి తోట,
29 జూలై

చిరంజీవి గోవిందసామికి అక్క దీవెనలు.

దీవెనలు అయిపోయాయి. ఇక విను.

కుక్కను పంపానన్నావు. లారీలోంచి దిగింది ఎముకల మూట! ఎమర్జెన్సీ మొదలైనప్పటినుంచీ మా కూలీల లైను ఇళ్ల చుట్టూ ముళ్లకంచె ఉందని నీకు తెలియదా? అడవిలో దాక్కున్న కమ్యూనిస్టులకు తిండి చేరకూడదని గేటు దగ్గర ప్రతి సంచీ తడుముతారు. బియ్యం కొలిచి ఇస్తారు. గింజ బయటికి పోతే జైలు. అలాంటి గేటు దగ్గర కాపలా పోలీసు పకీరిసామి నీ రాణి డొక్కలు చూశాడు.

"ఏటక్కా, కుక్క పేరు సెప్పి ఎండుచేపలు కొన్నావు. దీని ఒంట్లో ఏటీ నేదు. మరా తిండి అడవికెల్లిపోతందా లా?" అన్నాడు, మలాయివాళ్ల 'లా' చివర తగిలించి. లైనులో అందరూ విన్నారు!

పెళ్లయి వచ్చినప్పటినుంచీ ఈ తోటలో కొబ్బరి ఎండబెట్టి బతుకుతున్నాను. ఒకరి కాయ ముట్టలేదు. నీ కుక్క వచ్చి వారమైనా కాకుండానే దొంగనయ్యాను.

తలెత్తుకోలేకుండా ఉన్న నీ అక్క
బంగారమ్మ

తా.క. పందెంలో అది తరిమేది గుడ్డ కుందేలునట, లారీ డ్రైవరు చెప్పాడు. తొమ్మిదిసార్లు గెలిచినా ఒక్కసారీ నిజం కుందేలు పెట్టలేదా? మీకు సిగ్గుండాలి.


ఇపో,
3 ఆగస్టు

అక్కకు నమస్కారం.

ఆ పకీరిసామికి గ్రేహౌండ్ అంటే ఏమిటో తెలియకపోతే నా కుక్క ఎందుకు లావెక్కాలి? పేపర్లో వచ్చిన ఫోటో కత్తిరించి పంపుతున్నాను, చూపించు. నువ్వు మాత్రం జాలిపడి గంజీ గింజీ పొయ్యకు. పొట్ట కనిపిస్తే పందెం నుంచి పేరు కొట్టేస్తారు. ఆఫీసులో అందరికీ కప్పు నాదేనని చెప్పి ఉన్నాను.

నీ మీదే ఆశ పెట్టుకున్న
గోవిందసామి

తా.క. కుందేలు సంగతి నీకర్థం కాదు. అది గెలుపు కోసం పరిగెడుతుంది.


కొబ్బరి తోట,
17 ఆగస్టు

గోవిందసామికి,

చిరంజీవి అని ఈసారి రాయడం లేదు. కోపం తగ్గాక రాస్తాను.

ఫోటో చూసి పకీరిసామి నీ కుక్కకు సెల్యూట్ కొట్టాడు. గండం గడిచిందనుకున్నాను. ఇంతలో దానికి పొట్ట రావడం మొదలైంది! నువ్వు చెప్పినంతే పెట్టాను, అమ్మ మీద ఒట్టు. ఇన్‌స్పెక్టరు స్వయంగా వచ్చాడు. ఆయన మలాయిలో అడగడం, పకీరిసామి మన మాటలో చెప్పడం.

"అయ్యగారు అడుగుతన్నారక్కా. ఒక మనిసి బియ్యంతో కుక్కకింత పొట్ట ఎలాగొచ్చినాది? బియ్యం ఎక్కడ దాచినావు?"

నా మంచం కింద నేల తవ్వారు. ఒక కప్ప దొరికింది.

నాకు ఒళ్లు మండింది. "బక్కగా ఉంటే తిండి అడవికి పంపినానన్నారు. లావైతే దాచినానన్నారు. ఈ కుక్క ఎంత లావుంటే నేను దొంగని కాదో ఆ కొలత సెప్పండి" అన్నాను. పకీరిసామి ఆ మాట మలాయిలోకి మార్చడానికి భయపడ్డాడు.

సాక్ష్యమని కుక్కను స్టేషన్‌కు తీసుకుపోయారు. స్వతంత్రం పండగయ్యాక నాకు విచారణ. తప్పు రుజువైతే తోట నుంచి వెళ్లగొడతారు. ఎక్కడికి పోను?

బంగారమ్మ

తా.క. గెలుపు కోసం పరిగెడుతుందని నీకు ఎవరు చెప్పారు? రాణే చెప్పిందా?


ఇపో,
21 ఆగస్టు

బంగారమ్మ గారికి,

నీ చేతి ముద్ద సంగతి నాకు తెలియదా? చిన్నప్పుడు నన్నూ ఇలాగే ఒట్లు వేస్తూ మేపావు. ఆ పొట్ట ఇంకా తగ్గలేదు. ఇప్పుడు తొమ్మిది కప్పుల కుక్కను పాడుచేశావు. పందెం నుంచి దాని పేరు నేనే వెనక్కి తీసుకున్నాను. ఆఫీసులో నవ్వుతున్నారు. పండగ కాగానే వచ్చి స్టేషన్‌లో మాట్లాడతాను. నిన్ను తోట నుంచి పంపనివ్వను. కానీ నాతో మాట్లాడకు.

గోవిందసామి

తా.క. పోయిన వారం రత్నావతికి ఆడపిల్ల పుట్టింది. ఇద్దరూ క్షేమం. పందెం కోసం దాచుకున్న సెలవు ఉంది గానీ, ఈ గొడవలో ఇంకా చూడ్డానికి వెళ్లలేదు.


కొబ్బరి తోట,
2 సెప్టెంబరు

ఆడపిల్ల తండ్రి గోవిందసామికి,

కూతురు పుట్టిన కబురు కుక్క కబుర్ల కిందా రాసేది? నిన్ను పెంచినందుకు నన్ను నేనే తిట్టుకున్నాను.

మెర్డేకా నాడు తోటంతా ఫుట్‌బాల్ మైదానంలో ఉంది. కొత్త జెండా ఎక్కింది, అందరూ కేకలు పెడుతున్నారు. పకీరిసామి టోపీ చేత్తో పట్టుకుని పరిగెత్తుకొచ్చాడు.

"అక్కా, బేగి రా! నీ రాణి అయ్యగారి బల్ల కింద పిల్లల్ని పెట్టేసినాది!"

అయిదు! ఇన్‌స్పెక్టరు బల్ల కిందికి వంగి చాలాసేపు చూశాడు.

"అయ్యా, నేను దాచిన బియ్యం దొరికినాదా?" అన్నాను.

ఈసారి పకీరిసామి భయపడకుండా చెప్పాడు. ఇన్‌స్పెక్టరు నవ్వేశాడు. విచారణ లేదు, ఇంటికి పొమ్మన్నాడు. స్టేషన్ మెట్ల మీదికి వచ్చాక ఎందుకో కూలబడి ఏడ్చాను.

కుక్క కడుపు రెండు నెలలు మోస్తుంది. అది నా దగ్గరికి వచ్చింది జూలై నెలాఖరున. మిగతా లెక్క ఇపోలోనే కట్టుకో. నా ముద్దను అన్న మాట మాత్రం వెనక్కి తీసుకో.

రాణి మా అరుగు మీదే ఉంది. పిల్లలు పాలు తాగుతుంటే కదలదు. ఇక అది ఏ గుడ్డ వెనకా పరిగెత్తదు, నేను పంపను. నువ్వు ఆ సెలవు పెట్టి క్లాంగు వెళ్లు. ఆ పిల్లను ఎత్తుకున్నాకే ఈ పిల్లలను చూడ్డానికి రా. ముందే వచ్చావో, గేటు దగ్గరే ఆపించేస్తాను.

చిరంజీవి. ఇదిగో, రాశాను.
నీ అక్క బంగారమ్మ

తా.క. అయిదింటికీ కాళ్లు పొట్టి, మూతి పెనమంత వెడల్పు. రాణి పోలిక ఒక్కదానికీ లేదు. పకీరిసామి అడగమన్నాడు: "మీ తమ్ముడు ఇపోలో కప్పుల్నే కాపలా కాసినాడా, కుక్కని కాయనేదా లా?"