భీమాబాయి గొంతుకు మూడు జిరాక్సులు

ఎమ్మిగనూరు,
తేది: 6-2-2024.

ఆదోనిలోని విద్యా సామగ్రి తనిఖీ అధికారి గారి సముఖమునకు,

అయ్యా,

విషయం: ప్రాచీన కావ్య పద్యాల కంప్యూటరు పాఠములు, అవి తెరుచుకొను ఏకైక కంప్యూటరు శుక్రవారపు వేలంలో పోకుండా కాపాడుట గురించి.

విశ్రాంత తెలుగు పండితుడనైన నేను మూడవసారి చేసుకొను మనవి.

1. ఇరవై ఏళ్ళ క్రితం మా ఉన్నత పాఠశాలలో నేనూ, కంప్యూటరు మాస్టరు ప్రదీపూ కలిసి నూరు పద్యాలకు బొమ్మలతో పాఠాలు చేసి తొమ్మిది సీడీలకు ఎక్కించితిమి. పదం మీద నొక్కితే అర్థం వచ్చును. పద్యాలు చదివి వినిపించినది నా భార్య భీమాబాయి. నిరుడు గొంతు ఆపరేషను తరువాత ఆమెకు మాట లేదు. ఆమె గొంతు మిగిలినది ఆ సీడీలలోనే.

2. అవి కొత్త కంప్యూటర్లలో తెరుచుకోవు. కొత్త పద్ధతిలోకి మార్పించమని మొదటి అర్జీలో కోరితిని. సీడీలోని విషయమును మూడు జిరాక్సు ప్రతులుగా సమర్పించమని తమ జవాబు. చెవిటివాని ముందు శంఖం ఊదుట విన్నాను గాని, శంఖానికి జిరాక్సు అడుగుట ఇప్పుడే చూచితిని. ఆజ్ఞ మీరక సీడీనే జిరాక్సు యంత్రంపై పెట్టించితిని. మూడు నల్లని గుండ్రాలు వచ్చినవి; రెండవ అర్జీకి జతచేసి పంపితిని. తమ కార్యాలయం వాటిని సరిచూసి "సంతృప్తికరం" అని ముద్ర వేసినది.

3. పిమ్మట పరిశీలనకని సీడీలన్నీ తెప్పించుకొని, బీరువాలో చోటు లేదని పారవేయించినారు. తమ అటెండరు గిడ్డయ్య వాటిని నందవరంలో తన జొన్నచేనికి కట్టినాడు. నేను వెళ్ళి అడిగితే తల వంచుకొన్నాడు.

"పారేయమన్నారు సార్. ఎండకు మెరుస్తాంటే పిట్టలు రావని కట్టినా. అమ్మగారి గొంతని నాకెవురు సెప్పినారు?"

తానే విప్పి, తువ్వాలతో తుడిచి ఇచ్చినాడు. ఏడు సీడీలు గీతలు పడి చెడినవి. రెండు పలుకుతున్నవి. ఆ సీడీలకు ఒక ప్రయోజనం కనిపెట్టినవాడు తమ కార్యాలయంలో గిడ్డయ్య ఒక్కడే. అతనిపై చర్య తీసుకోవద్దు.

4. ఇప్పుడు అవి తెరుచుకొను మా పాఠశాల పాత కంప్యూటరును "పనికిరాని సామాను" జాబితాలో చేర్చినారు. అది పనిచేయుచున్నది. జాబితా వ్రాసినవారి సంగతి నేను చెప్పలేను.

కావున వేలం ఆపి, ప్రదీపు చేత ఆ రెండింటినైనా మార్పించుకొనుటకు వారం గడువు ఇప్పించ ప్రార్థన. జిరాక్సులు ఎన్ని కావాలన్నా ఇస్తానయ్యా, ఆమె మాట నన్ను విననివ్వండి. ఇంతే సంగతులు, చిత్తగించవలెను. అర్థం కాకున్నా సంతకం చేయవలెను.

ఇప్పటికీ తమ విధేయుడు,
శ్రీపాదరావు

మరొక్క మాట: మిగిలిన సీడీలలో ఒకదానిలో, నాలుగో పద్యం చివర ఒక నవ్వు వినిపిస్తుంది. రికార్డింగు నాడు నేను వైరు తట్టుకొని పడబోతే ఆమె నవ్వింది. మీవాళ్ళెవరైనా దోషమని తీసేస్తారేమో. తీయొద్దండి. పద్యాలు నూరూ నాకు నోటికి వచ్చు.