భయం నేర్చుకోని గుంపు

పరిశోధన శిబిరం,
మార్చి 9, సోమవారం.

ప్రియమైన వదినకు,

నీ ఆడబిడ్డ నమస్కరించి రాస్తున్నది. నేనిక్కడ కులాసా. నువ్వూ కులాసాగా ఉన్నావనీ, మీ ఆసుపత్రి ఎక్స్‌రే గదిలో ఆ మొరాయించే పాత మిషను ఇప్పటికైనా మార్చి ఉంటారనీ తలుస్తాను. నీ ఉత్తరమూ, దాంతో పెట్టిన కోర్టు కాగితమూ అంది చాలా రోజులైంది. సామాన్ల జీపు పదిహేను రోజులకోసారి గానీ రాదు కాబట్టి జవాబు ఆలస్యమైందని చెప్పొచ్చు. కానీ అది సాకు. నిజానికి ఎక్కడ మొదలుపెట్టాలో తెలియలేదు.

ముందు మంచిమాట. కళ్లజోళ్ల షాపాయన గురించి నువ్వు రాసిన పేజీ రెండుసార్లు చదివాను. నీకు జ్వరమొస్తే మూడు రోజులు షాపు మూసి, ఒక్క సలహా కూడా ఇవ్వకుండా ముందుగదిలో కూర్చున్నాడన్నావే, అక్కడ నచ్చేశాడు. మా అన్నయ్య అయితే నీ జ్వరాన్ని పూటకోసారి నోట్‌బుక్కులో ఎక్కించుకుని, పట్టిక బాగా వచ్చిందని మురిసిపోయేవాడు. ఏడేళ్లు ఎదురుచూశావు. పెళ్లి చేసుకోనా అని నన్నడగడమేమిటి? ఆడబిడ్డ అర్ధమొగుడంటారు కదా, ఆ సగం హక్కుతో చెబుతున్నాను, చేసుకో.

ఇక నా సంగతులు. ఈ వేసవి కొండముచ్చుల లెక్కింపుకు నన్ను ఉత్తరపు లోయకు పంపారు. శిబిరం నుంచి మూడు గంటల నడక. అక్కడ ఇంతవరకూ ఎవరూ పనిచేయలేదు, ఊళ్లు లేవు, పొయ్యి పొగ లేదు. తోడుగా గొడుగాయన వచ్చాడు. మాకు దారి చూపే పెద్దాయనే. చుక్క వాన లేని రోజుల్లో కూడా గొడుగు చంక దిగదు, అందుకని ఆ పేరు.

అడవిలో కొండముచ్చు మనిషిని చూస్తే ఏం చేస్తుందో నీకు తెలుసు. మగది ఒక్కసారి దగ్గినట్టు అరుస్తుంది. కళ్లు మూసి తెరిచేలోగా కొమ్మలన్నీ ఖాళీ. వాటికి మనం అలవాటు కావాలంటే మూడేళ్లు పడుతుంది. రోజూ దూరంగా కూర్చోవాలి. ముఖం పక్కకి తిప్పుకోవాలి. మనమూ ఆకులు నములుతున్నట్టు నటించాలి. అవి కదలకముందే మనం లేచి వచ్చేయాలి. మర్నాడు ఒక్క అడుగు దగ్గరగా. ఆ ఓపిక నాకు నేర్పింది అన్నయ్యే.

మొదటిరోజు ఉదయం పదింటికి గుంపు కనిపించింది. పద్నాలుగు. నేను చెట్టు కిందికి వెళ్లాను. ఒక్కటీ కదల్లేదు. ఓ పిల్ల చేతికందే కొమ్మ మీదికి దిగొచ్చి నా టోపీని పరీక్షగా చూసింది. గొడుగాయన నా చొక్కా చేయి పట్టి వెనక్కి లాగి, ఇవి మనిషిని ఎరగని జంతువులు కావమ్మా అన్నాడు.

నన్ను వణికించింది అది కాదు. అవి నన్నొకసారి చూసి, తర్వాత నా ఎడమ భుజం మీదుగా వెనక్కి చూసేవి. అన్నీ ఒకే చోటికి. చూసి, మళ్లీ తిండిలో పడేవి. తిరిగి చూస్తే చెట్లు తప్ప ఏమీ లేదు. పది నిమిషాలకోసారి ఏ జంతువు ఏం చేస్తోందో రాయాలి కదా, ఎటు చూస్తోందో రాసే గడి ఒకటుంటుంది. ఆ రోజు అందులో ‘నా వెనక్కి’ అని ఇరవైమూడుసార్లు రాశాను.

మధ్యాహ్నం పైనుంచి చప్పుడు. ఎవరో రేకు డబ్బా మీద కర్రతో కొడుతున్నారు. వరుసగా పన్నెండు దెబ్బలు. అంత చప్పుడుకి నేను కూర్చున్నచోట ఎగిరిపడ్డాను. గుంపులో ఒక్కటి కూడా తలెత్తలేదు. అడవి జంతువు తలెత్తకుండా ఉండే చప్పుడేమిటి, వదినా? రోజూ వినేదే కదా.

నాలుగోరోజు రాళ్లు. చిన్నవి, తగలకుండా కొమ్మల మధ్య పడేలా, ఒకదాని తర్వాత ఒకటి. తల్లులు పిల్లల్ని అటు చంక నుంచి ఇటు చంకకి మార్చుకుని తింటూనే ఉన్నాయి. ఎవరో వాటిని బెదిరించాలని చూస్తున్నారు. అవేమో ఇంట్లో ముసలాయన సణుగుడు వింటున్నట్టు ఊరుకున్నాయి. మర్నాటి నుంచి గొడుగాయన వాగు దాటనన్నాడు. భయమా అని అడిగితే, “వాటికి తెలిసింది నాకు తెలియక్కర్లేదమ్మా,” అని గొడుగు విప్పుకుని అటు తిరిగి కూర్చున్నాడు.

ఆరోరోజు ఒక ముసలి ఆడదాన్ని గుర్తుపట్టాను. ఎడమ చెవి చీలి, తోక మధ్యలో వంకరగా ఉంది. అన్నయ్య ఆల్బంలో దాని ఫొటోలు డజనున్నాయి. అంటే ఇది పాత గుంపే.

నీకు తెలిసిన కథే, అయినా రాయకుండా ఉండలేకపోతున్నాను. పంతొమ్మిది ఉండేవి. మనిషంటే భయం పోయేదాకా అన్నయ్య మూడేళ్లు వాటితో కూర్చున్నాడు. తర్వాత ఒక వారం సెలవు మీద నీ దగ్గరికి వచ్చాడు. ఆ వారంలోనే వేటగాళ్లు వచ్చారు. వాళ్లు మాటు వేయలేదు, పరుగెత్తలేదు. తిన్నగా చెట్టు కిందికి నడిచారట. పదకొండు పోయాయి. అన్నయ్య తిరిగొచ్చి, వాటిని తన చేత్తోనే పూడ్చి, పదిహేను రోజుల తర్వాత ఒక సంచితో బయల్దేరి మళ్లీ రాలేదు. తొమ్మిది రోజులు వెతికితే నది ఒడ్డున ఒక బూటు దొరికింది. నది తీసుకుపోయిందనుకున్నాం. మిగిలిన ఎనిమిదీ ఏమయ్యాయో ఎవరికీ తెలియలేదు. ఇదిగో, ఇక్కడ పద్నాలుగయ్యాయి.

తొమ్మిదోరోజు పైన రాళ్ల మధ్య ఒక మనిషి కూర్చుని కనిపించాడు. నన్ను చూశాడు. మరుక్షణం లేడు. పరుగెత్తలేదు, కొమ్మ కూడా విరగలేదు. మనుషులు అలా మాయం కారు, వదినా. జంతువులే అలా మాయమవుతాయి.

నేను పిలవలేదు, వెంటపడలేదు. నాకు వచ్చింది ఒక్కటే విద్య, అదే చేశాను. ముఖం పక్కకి తిప్పుకుని కూర్చున్నాను. ఆకు నమిలాను. ముందుగా లేచి వచ్చేశాను. మర్నాడు అతను రెండు వందల అడుగుల దూరంలో కూర్చున్నాడు. తర్వాత నూట యాభై. ఒకరోజు పొరపాటున దగ్గాను, మూడు రోజులు కనిపించలేదు. మళ్లీ మొదటినుంచీ. నిన్నటికి నలభై అడుగులు. గోనెపట్టా లాంటిది చుట్టుకున్నాడు, జుట్టు ముఖమంతా కప్పేసింది. కొండముచ్చులు నన్నూ అతన్నీ మార్చిమార్చి చూస్తున్నాయి, ఒకే ఇంటివాళ్లు ఎడమొహం పెడమొహంగా ఉంటే పక్కింటివాళ్లు చూసినట్టు.

ఎవరో తేనెపట్లు కొట్టుకునేవాడై ఉంటాడు, మతి తప్పి ఉంటుంది. శిబిరం పెద్దకి చెప్పలేదు. చెబితే పదిమంది బయల్దేరతారు. మనిషిని చూసి పారిపోని గుంపు ఎక్కడుందో పదిమందికి తెలియడం మంచిది కాదు.

కోర్టు కాగితం మీద సంతకం చేసి దీంతో పెడుతున్నాను. నా సోదరుని గురించి ఏడేళ్లుగా ఏ కబురూ లేదు అన్నచోట. ఇక అన్నయ్య లేడనే కోర్టు తేలుస్తుంది. నువ్విక నిశ్చింతగా ఉండు. పెళ్లికి చీర నేనే కొంటాను, రంగు మాత్రం నువ్వు చెప్పు. నా ఎంపిక మీద నీకు ఏనాడూ నమ్మకం లేదు కదా.

ఎప్పటికీ నీ మేలు కోరే,
నీ ఆడబిడ్డ.

తా.క. మార్చి 13.

జీపు రేపు ఉదయం వస్తుంది. అంటించిన కవరు చింపి ఇది రాస్తున్నాను. కాగితం కోసం కవర్లో వెతక్కు, లేదు. సంతకం చేశానని పైన రాసినప్పుడు కూడా చేయలేదు.

వదినా, ఆ మనిషి అన్నయ్యే.

ముఖం చూడకముందే నాకు తెలుసు. నేను వాచీ చూసుకుని రాయడానికి తలొంచినప్పుడల్లా అతనూ తలొంచేవాడు. అతని దగ్గర కాగితం లేదు, వాచీ లేదు. చూపుడు వేలితో మోకాలి మీద రాసుకుంటున్నాడు. పది నిమిషాలకోసారి, ఒక్క నిమిషం అటూ ఇటూ కాకుండా. అది చూసి కూడా నీకు తేనె కొట్టేవాడని రాశాను. నువ్వు సుఖపడాలని అబద్ధమాడాననుకున్నాను. అదొక్కటే కాదు, నా కళ్లతో చూసింది నిజం కాకూడదని కూడా ఉంది.

నిన్న పది అడుగుల దూరంలో మాట్లాడాడు. నావైపు చూడలేదు. తుప్పు పట్టిన గడియ తీసినట్టుంది గొంతు.

“ఇక్కడికి రావద్దే. వస్తే నిన్నూ నమ్ముతాయి.”

మిగతాదీ తనే చెప్పాడు. ఈ ఏడేళ్లూ డబ్బా మోగిస్తున్నది తనే, రాళ్లు విసురుతున్నది తనే. మనిషి కనబడితే పారిపోవాలని వాటికి నేర్పుతున్నాడు. భయం పోగొట్టడానికి మూడేళ్లు చాలింది, నేర్పడానికి ఏడేళ్లూ చాలడం లేదన్నాడు. బెదిరించేది కూడా తనే కాబట్టి వాటికి బెదురు లేదట. కొత్తగా పుట్టిన పిల్లలకి కూడా పెద్దవి ఆ నమ్మకమే నేర్పుతున్నాయట. అవి నేర్చుకునేదాకా వాటి దగ్గర ఎవరో ఒకరు ఉండాలి కదా అన్నాడు, చాలా మామూలుగా, పాలు పొంగకుండా చూసుకునే మనిషిలా.

నీ గురించి చెప్పాను. షాపాయన గురించి, కాగితం గురించి. వింటున్నాడో లేదో తెలియలేదు. మోకాలి మీద రెండుసార్లు రాసుకున్నాడు, అంటే ఇరవై నిమిషాలు. అప్పుడు, “సంతకం పెట్టెయ్,” అన్నాడు. నువ్వెలా ఉన్నావని అడగలేదు. ఇది నీ దగ్గర దాచి నిన్ను ఓదార్చడం నావల్ల కాదు.

సంతకం పెట్టలేను. పెళ్లి వద్దనడం లేదు. వేరే దారి ఏముందో ఇద్దరం కలిసి వకీలును అడుగుదాం. షాపాయనకి కూడా నిజం చెప్పు, తట్టుకునే మనిషిలాగే ఉన్నాడు. ఈ జీపులో ఉత్తరం వస్తుంది, వచ్చే జీపులో నేనొస్తాను. ఎదురుగా కూర్చుని నువ్వడిగినవన్నీ చెబుతాను. అప్పటిదాకా ఇంకెవరికీ చెప్పకు.

ఒక్కటి మాత్రం ఎదురుగా చెప్పలేను, ఇక్కడే రాసేస్తాను. నిన్న నేను తిరిగొస్తుంటే అన్నయ్య వాగుదాకా వెనకే వచ్చాడు. చెట్లు అయిపోయేచోట ఆగాడు. అప్పుడు మొదటిసారి తిన్నగా నా కళ్లలోకి చూశాడు. కాళ్లకి ఏమీ లేవు, ఒళ్లంతా గీరుకుపోయి ఉంది. ‘అన్నయ్యా, పద, ఇంటికి పోదాం’ అని ఒక్క మాట. అంతే అనాల్సింది.

నేను పిలవలేదు, వదినా. పిలిస్తే వస్తాడేమోనని భయమేసింది.