ముగ్గురే మిగిలిన జట్టు

అమ్మకు,

కైసు రాస్తున్నది. నేనూ, నీ అల్లుడు వెయ్‌కో, నీ మనవరాలు తైమీ ముగ్గురం లేచి తిరుగుతున్నాం. నీ మోకాలి నొప్పి తగ్గి, కర్ర లేకుండా పొయ్యి దాకా నడుస్తున్నావని తలుస్తాను. ఎప్పటిలా "అందరం క్షేమం" అని రాయబోతే కలం సాగలేదు. లేచి తిరుగుతున్నాం అన్నది మాత్రం నిజం.

ముందు నీ ఉత్తరంలో అడిగినవాటికి జవాబులు. నువ్వు అల్లిన ఊలు మేజోళ్ళు తైమికి సరిపోయాయి, మడమ దగ్గర కాస్త వదులు. రెయిన్‌డీర్ మాంసం అందింది కానీ ఇంకా వండలేదు, మాంసం మాటెత్తితేనే ఇంట్లో అందరికీ వికారంగా ఉంది. వెయ్‌కో ఈ నెలంతా తెల్లారకముందే మంచు తోసే బండితో రోడ్ల మీదికి వెళ్తున్నాడు. నడుం నొప్పి ఉంది, చెప్పడు.

ఇక చివర్లో అడిగావు: "పోటీ ఏమైంది? ఫోన్ చేస్తే తైమి 'అమ్మమ్మా, అమ్మనే అడుగు' అని పెట్టేసిందేం?" అని. నేనూ రెండుసార్లు నీకు ఫోన్ చేయబోయాను. నోరు రాలేదు. అందుకే రాస్తున్నాను.

పదిహేను దేశాల పిల్లలు మంచు మీద రాళ్ళు జార్చే పోటీకని మా ఊరి కర్లింగ్ హాలుకు వచ్చారు. మొదటి మూడు జట్లలో నిలిస్తేనే అసలు ప్రపంచ పోటీకి వెళ్ళేది. తైమికి ఇరవై నిండాయి కదా, వచ్చే ఏడు జూనియర్లలో ఆడనివ్వరు. పోటీ నడిపే రైమో ఊళ్ళో తల్లులందరినీ వంటగదిలోకి దింపాడు. "కైసూ, నువ్వు రాకపోతే పాపం వీళ్ళంతా వారం రోజులూ రొట్టే వెన్నా తిని బతకాలి" అన్నాడు. వెళ్ళాను.

ఆదివారం, సోమవారం పండగలా గడిచాయి. తైమి జట్టు మూడాటలు ఆడి మూడూ గెలిచింది. మంగళవారం పొద్దున పదింటికి కాఫీ పాత్ర మోసుకుంటూ హాలు అద్దాల పక్కగా వెళ్తున్నాను. లాట్వియా జట్టులో ఎల్జా అని పదహారేళ్ళ పిల్ల, రాయి వదలడానికి వంగి ముందుకు జారింది. వదలలేదు. రాయి పట్టుకునే మంచు మీద బోర్లా పడిపోయింది. నుదురు కొట్టుకున్న చప్పుడు అద్దం ఇవతలికి వినబడింది. మంచు మీద రక్తం, పక్కనే వాంతి. ఎవరికీ కాలు కదల్లేదు. ఆ పిల్ల మాత్రం మోచేతుల మీద లేవబోతూ "సారీ, సారీ" అంటోంది, మంచు పాడుచేశానని! ఏడు కుట్లు పడ్డాయి.

మధ్యాహ్నానికి తొమ్మిదిమంది పడ్డారు. సాయంత్రానికి ముప్ఫై ఒక్కరు. హోటల్లో ప్రతి గది ముందూ ఓ బకెట్టు. ఆటకు ముందు కరచాలనాలు ఆపించి, మంచు రుద్దే బ్రష్షులు ఒకదానికొకటి తాకించమన్నారు. జట్టుకు ముగ్గురైనా నిలబడితేనే ఆట, లేకపోతే ఆడకుండానే ఓటమి. మర్నాడు పొద్దున బోర్డు చూస్తే సగం ఆటల ఎదుట అంకెల్లేవు, అడ్డగీతలే.

మొదట పడింది ఎల్జా కాబట్టి జబ్బు తెచ్చింది లాట్వియావాళ్ళేనని మాట పుట్టింది. "అన్ని గంటలు బస్సులో పడొచ్చారు, దారిలో ఏ గడ్డి తిన్నారో!" అని నా పక్కన గిన్నెలు తుడుస్తున్నావిడే అంది. వాళ్ళకు మూలన విడిగా బల్ల వేశారు. వాళ్ళ నీళ్ళ సీసా ఒకటి ఎవరో చెత్తబుట్టలో పడేస్తే, వాళ్ళ కోచ్ డైనా వంగి తీసుకుని, కడిగి, ఎవరినీ ఏమీ అనకుండా సంచిలో పెట్టుకుంది. నేను చూస్తూనే ఉన్నాను.

గురువారం నాటికి తైమి జట్టులో ఇద్దరు మంచాన పడ్డారు. మిగిలింది ముగ్గురే. ఆ రోజు ఆట లాట్వియాతోనే, వాళ్ళకీ ముగ్గురే. గెలిచినవాళ్ళు ముందుకు, ఓడినవాళ్ళు ఇంటికి. చివరి రాయి తైమిది. మామూలుగా అయితే రాయి బాగా జారేలా దాని ముందు ఇద్దరు మంచు రుద్దుతారు, ఆ రోజు మూడో పిల్ల అవతలి వలయం దగ్గర గురి చూపిస్తుంటే, రుద్దడానికి హెల్వి ఒక్కతే. అందుకని తైమి రాయి వదిలిన మరుక్షణమే లేచి పరుగెత్తి, తనూ రుద్దడం మొదలుపెట్టింది. రాయి చక్కగా వలయం మధ్యకే పోతోంది. మేమంతా లేచి నిలబడ్డాం. సగం దారిలో తైమి ఆగిపోయి చెయ్యెత్తింది.

"తగిలింది. నా బ్రష్షు రాయికి తగిలింది."

"ఎవరూ చూళ్ళేదే! నోరుమూసుకుని రుద్దు!" అని అరిచింది హెల్వి.

"నేను చూశాగా" అని తైమి కాలితో ఆ రాయిని ఆపి పక్కకు నెట్టేసింది. బ్రష్షు తగిలిన రాయి చెల్లదు. ఒక్క పాయింటుతో ఓడిపోయారు.

అమ్మా, ఇంతవరకూ రాసి లేచి వెళ్ళి కిటికీ దగ్గర నిలబడి వచ్చాను. ఇక చెప్పక తప్పదు. పోటీ మొదలయ్యే ముందు శనివారం మధ్యాహ్నం నాకు రెండుసార్లు వాంతయింది. ముప్ఫయ్యేళ్ళు బడి వంటగదిలో పనిచేసినదానివి, "ఒళ్ళు బాగోలేనిదానివి గరిటె ముట్టకు, తగ్గాక రెండు రోజులాగు" అని నాకు అన్నంతో పాటు నేర్పావు. అయినా పొద్దున్నకి తేలిగ్గా అనిపించింది. మనుషులు తక్కువ, కూతురి పోటీ. ఆదివారం ఏడింటికల్లా వెళ్ళి, నూట ఇరవై మందికి బీట్‌రూట్ సలాడ్ ఈ చేతులతోనే కలిపాను. మంగళవారం ఆరోగ్య శాఖ నుంచి ఒకామె వచ్చి వంటగదిలో అందర్నీ అడిగింది: "ఈ వారంలో మీలో ఎవరికైనా కడుపులో తేడా చేసిందా?" నేను "లేదండీ" అన్నాను. ఎంత సులువుగా వచ్చిందో ఆ మాట!

తైమి ఆ రాయిని పక్కకు నెట్టాక నేనింక అక్కడ నిలబడలేదు. మెట్లు దిగి తిన్నగా రైమో గదికి వెళ్ళాను. తైమీ డైనా అక్కడ స్కోరు కాగితం మీద సంతకాలు పెడుతున్నారు.

"రైమో, జబ్బు తెచ్చింది లాట్వియావాళ్ళు కాదు, నేను. శనివారమే నాకు వాంతులయ్యాయి."

"ఊరుకో కైసూ, ఇది వేళాకోళాలకి సమయమా?" అన్నాడు. తర్వాత నా మొహం చూశాడు. "మరి ఆవిడ అడిగినప్పుడు ఏం చెప్పావ్?"

"లేదన్నాను."

డైనాకు మన భాష రాదు. "ఏమంటోందీమె?" అని తైమిని ఇంగ్లీషులో అడిగింది. నా తప్పును మాట పొల్లుపోకుండా ఆమెకు చెప్పాల్సింది నా కూతురే అయింది. చెప్పింది. నా వైపు చూడలేదు.

డైనా నా వైపు తిరిగింది. "అందరినీ తనే పడేసిందని ఎల్జా రెండు రోజులుగా గదిలో ఏడుస్తోంది. నాకు కాదు, వెళ్ళి ఆ పిల్లకు చెప్పు" అంది.

వెళ్ళాను. అక్కడా నా మాటలు ఇంగ్లీషులో చెప్పింది తైమే. నుదుటికి కట్టుతో ఆ పిల్ల మంచం మీద కూర్చుని అంతా విని, "అయితే నేను కాదా?" అంది. మళ్ళీ, "నిజంగా నేను కాదా?" అంది. నన్ను ఒక్క మాటనలేదు.

శుక్రవారం లాట్వియాకు ఇద్దరే మిగిలారు. వాళ్ళూ ఆడలేకపోయారు. చివరి ఆటలన్నీ రద్దు చేసి, అప్పటిదాకా వచ్చిన పాయింట్లతో మూడు దేశాలను పంపించారు. అందులో వాళ్ళూ లేరు, మనమూ లేము. నా వల్లేనని రుజువు చేయలేమనీ, అయినా చాలావరకు అలాగే జరిగి ఉండొచ్చనీ ఆరోగ్య శాఖామె రాసుకుంది. రైమో మాత్రం, "హాలుకి ఎప్పుడైనా రా. వంటగదిలోకి మాత్రం రాకు" అన్నాడు.

ఇంటికొస్తుంటే కారులో తైమి అన్నది ఒక్కటే: "రాయి తగిలిందని చెప్పడానికి నాకు అర సెకను పట్టిందమ్మా. నీకు రెండు రోజులు పట్టింది."

ఆ తర్వాత ఆ ఊసెత్తలేదు. కాఫీ పోస్తే తాగుతోంది, పిలిస్తే పలుకుతోంది. వెయ్‌కో కూడా "పోనీలే, చెప్పేశావుగా" అని ఊరుకున్నాడు. ఇంట్లో ఎవరూ నన్ను తిట్టడం లేదు. అదే భరించలేకపోతున్నాను. అమ్మా, నువ్వు పెద్దగా చదువుకోలేదంటావు గానీ నీ తిట్లలో పొల్లుమాట ఉండదు. నీకు ఏమేం అనాలనిపిస్తే అవన్నీ, ఒక్కటీ మింగకుండా రాసి పంపు. తైమి ముందు కూర్చుని పైకి చదువుతాను.

ఇట్లు,
మందలింపు కోసం ఎదురుచూసే నీ కూతురు,
కైసు