కొంగ మెడ

ప్లేనో,
12 మే 1986

శ్యామ్‌సుందర్ గారికి, నమస్కారం.

మన తెలుగు అసోసియేషన్ హాల్లో నేను గీసిన కమిటీ బొమ్మకి తెర తీసిన మర్నాడే ఫోన్ చేసి, “నా ఒక్కడి మెడే ఎందుకలా సాగదీశావమ్మా? వచ్చి కరెక్ట్ చెయ్యి” అన్నారు. చెయ్యను. ఎందుకో ఫోన్‌లో చెబితే మాట తూలుతానని రాస్తున్నాను.

కిందటేడు ఉగాదికి అదే హాల్లో మా అమ్మ బొమ్మ పెట్టాను. మెడ, వేళ్ళు పొడుగ్గా గీశాను. మీరు మైక్ పట్టుకుని, “అమ్మాయి ఆర్ట్ డిగ్రీ చేసి, చివరికి కొంగను డ్రా చేసిందండీ” అన్నారు. అందరూ నవ్వారు. ముందు వరసలో ఉన్న అమ్మ మెడకు కొంగు చుట్టుకుని కూర్చుండిపోయింది. భోజనానికి కూడా లేవలేదు.

అలా సాగదీసి గీసే పద్ధతిని మానరిజం అంటారు. ఐదొందల ఏళ్ళ కిందట ఇటలీలో రినైసాన్స్ కాలపు చిత్రకారులు మనిషి కొలతలు సరిగ్గా పట్టుకున్నారు. తర్వాతివాళ్ళు ఆ కొలతలన్నీ క్షుణ్ణంగా నేర్చుకుని, కావాలనే సాగదీశారు. ఆ రోజే చెబుదామంటే మైక్ మీరు వదల్లేదు.

ఈ కమిటీ బొమ్మ కోసం నా ముందు కూర్చున్నప్పుడు మీరే, “నన్ను మటుకు కాస్త పొడుగ్గా గీయమ్మా. పొట్ట కనపడకూడదు, వేళ్ళు నాజూగ్గా ఉండాలి” అన్నారు. అలాగే గీశాను. మిగతా కమిటీవాళ్ళను మాత్రం రినైసాన్స్ పద్ధతిలో, వెంట్రుకవాసి కొలత తప్పకుండా గీశాను. వాళ్ళు తమ బొమ్మలు చూసుకుని మురిసిపోతున్నారు. కమిటీ బొమ్మని ఇక ఎవరూ ముట్టుకోకూడదంటున్నారు.

ఆదివారం అమ్మ హాలుకి వస్తోంది. మీ బొమ్మ పక్కన నిలబడి ఫోటో దిగుతుందట. ఈసారి మెడ కప్పుకోనంది.

ఇట్లు,
మీ కొలతలు తెలిసిన అమ్మాయి